పరుల నౌకలో స్వరాజ్యయాత్ర

కాళేశ్వరమున గోదావరియు ప్రాణహితయు కలియుచోట మూడవ నది యొకటి కలదని మన పెద్దలు చెప్పుదురు. అది కంటికి కానరాదు. అంతర్వాహిని యైన సరస్వతి యది. కాళేశ్వర ముక్తేశ్వరుల లింగములు రెండును ఒకే పానవట్టముపై వెలసిన ఆ యాలయమున, ముక్తేశ్వరలింగమునకు గల రంధ్రములలో పోసిన అభిషేకజలము భూగర్భమార్గమున సంగమమును చేరునని భక్తుల విశ్వాసము. 2025 మే నెలలో సరస్వతీ పుష్కరములకు పోయినవారు కానరాని నదికే మ్రొక్కి వచ్చిరి. పైకి కనబడునది మాత్రమే ప్రవాహము కాదను భావము మన జాతికి క్రొత్తది కాదు.

స్వాతంత్ర్యసమర చరిత్రకును ఇట్టి అంతర్వాహినులు కలవు. సత్యాగ్రహములు, సభలు, కారాగారములు అందరును చూచినవి. కాని 1943 సంవత్సరమున మన దేశమునకు సంబంధించిన యొక యాత్ర నీటిక్రింద, చీకటిలో, శత్రువు కంటబడకుండ సాగెను. ఆ నౌక జర్మనులది. దాని పేరు పేరుకాదు, సంఖ్య: యు-180. అందు ప్రయాణించిన భారతీయులు ఇద్దరు. ఒకరు సుభాష్ చంద్ర బోసు. ఆయనను జగమెరుగును. రెండవవాడు మన హైదరాబాదు నగరమున పుట్టిన ఆబిద్ హసన్. ఈయనను తెలుగునాట ఎందరెరుగుదురు? ఆ నౌక ఎట్లు పుట్టినది, ఏమి పని చేసినది, దానిలో మనవాడేల కూర్చుండవలసి వచ్చినది, దాని వలన మనము నేర్వదగిన దేమి యను విషయములను పాఠకుల ముందుంచుట ఈ వ్యాసోద్దేశము.

కీల్ రేవున మొదటి శిశువు

జలాంతర్గామి విద్యలో జర్మనులు అగ్రేసరులని లోకప్రతీతి. నిజమునకు వారాలస్యముగ మేల్కొనినవారు. ఫ్రెంచివారు, అమెరికనులు, ఆంగ్లేయులు ఇట్టి నౌకలను కట్టి పరీక్షించుచుండిన కాలమున జర్మను నావికామంత్రి టిర్పిట్జ్ పెద్ద పెద్ద యుద్ధనౌకలపైననే దృష్టి నిలిపియుండెను. ఈ చిన్నపడవలపై ఆయనకు నమ్మకము లేకుండెను. ప్రభుత్వము అడుగకున్నను, కీల్ నగరమందలి క్రుప్ సంస్థవారి జర్మనియా నౌకానిర్మాణశాల ఈ పనిని ప్రారంభించెను. దానికి రూపకల్పన చేసిన దెక్విల్లే యను ఇంజనీరు జర్మనుడు కాడు, స్పెయిను దేశీయుడు, ఫ్రెంచివారివద్ద పనినేర్చినవాడు. మొదటి బేరము కుదుర్చుకొన్నది కూడ స్వదేశము కాదు. 1904లో రష్యా ప్రభుత్వము మూడు నౌకలకు ఉత్తరువిచ్చెను. రష్యావారి కొరకు కట్టిన నమూనాను సవరించి అటుపిమ్మట స్వదేశమునకు కట్టినదే యు-1.

ఈ యు-1 నౌక 1906 ఆగస్టు 4న నీట దిగెను. ఆ సంవత్సరమే డిసెంబరు 14న నావికాదళమున చేరెను. పొడవు 42 మీటర్లు. నీటిపై తేలునపుడు బరువు 238 టన్నులు. ముందుభాగమున టార్పెడో గొట్టము ఒక్కటియే. నీటిపై పోవుటకు కిరసనాయిలు ఇంజనులు రెండు. నీటిక్రింద పోవుటకు విద్యుచ్ఛక్తితో తిరుగు మోటారులు రెండు.

ఇట్లు రెండేసి యంత్రములేల యని పాఠకులకు సందేహము కలుగవచ్చును. నూనెతో నడచు ఇంజనుకు ఊపిరి కావలెను. నీటిక్రింద గాలి లేదు. కావున మునిగినపుడు బ్యాటరీలలో నిలువచేసిన విద్యుత్తే శరణ్యము. అది తరిగినపుడు పైకి తేలి, ఇంజనులను నడిపి, బ్యాటరీలను మరల నింపుకొనవలెను. ఇక మునుగుటయు తేలుటయు ఎట్లన్నచో, మన కోనేటిలో బిందె మునుగుటవంటిదే. నౌక దేహమునకు చుట్టును ఉన్న తొట్లలోనికి సముద్రజలమును వదలినయెడల అది బరువెక్కి మునుగును. బిగించి నిలువచేసిన గాలిని ఆ తొట్లలోనికి విడిచినయెడల నీరు బయటికి త్రోయబడి నౌక తేలును. సూత్రము సులభము. కాని పదిమీటర్లు దిగునప్పటికెల్ల ఒక వాతావరణపు పీడనము అధికమగుచుండును. ఒక్క మూత సరిగా పడకున్న మృత్యువే. 1911 జనవరిలో కీల్ రేవుననే యు-3 అను నౌక గాలిగొట్టపు కవాటము మూతపడక మునిగెను. లోపలివారిలో పెక్కురను టార్పెడో గొట్టము గుండ బయటికి లాగి రక్షించిరి. పైగదిలో చిక్కుకొనిన ముగ్గురు మరణించిరి.

కిరసనాయిలు ఇంజనుల దోషము మరియొకటి కలదు. అవి తెల్లని పొగను విడిచెడివి. దాగుటకై పుట్టిన నౌక తన జాడను తానే ఆకసమున వ్రాసికొనుచుండెను. 1913లో వచ్చిన యు-19తో డీజెలు ఇంజనులు ప్రవేశించి ఆ దోషమును కొంత మాన్పినవి. యు-1 మాత్రము యుద్ధమునకు పోలేదు. క్రొత్త నావికులకు చదువు చెప్పు బడియై తన సేవాకాలమును గడపెను. 1919లో విరమించెను. దానిని కట్టినవారే కొని మ్యూనిక్ నగరమందలి డాయిచెస్ మ్యూజియమున కిచ్చిరి. నేటికిని అది అచ్చటనే యున్నది; ఒక ప్రక్క రేకులను తొలగించి దాని ప్రేవులను బాలురకు చూపుదురు.

ఒకే దినమున రెండు వార్తలు

1914 సెప్టెంబరు 22వ తేది చరిత్రలో గుర్తుంచుకొనదగినది. ఆ యుదయమున యు-9 అను జర్మను జలాంతర్గామి, అదియు కిరసనాయిలు ఇంజనులదే, ఉత్తరసముద్రమున అబుకిర్, హోగ్, క్రెస్సీ యను మూడు బ్రిటిషు క్రూయిజరులను ఒకదాని వెంట నొకదానిని ముంచెను. సుమారు 1,450 మంది నావికులు మరణించిరి. నాటి రాత్రియే ఎమ్డెన్ అను జర్మను యుద్ధనౌక చెన్నపట్టణము నెదుట నిలిచి గుండ్లు కురిపించి, బర్మా ఆయిలు కంపెనీవారి తైలపు తొట్లను తగులబెట్టెను. మన సర్కారు జిల్లాలకును, దత్తమండలమునకును అప్పటి రాజధాని చెన్నపట్టణమే గదా! బ్రిటిషువారి సముద్రాధిపత్యము అభేద్యమని నమ్మినవారికి నాడు తూర్పునను పడమరను ఒక్కసారిగ సందేహము పుట్టెను.

ఆ సందేహము మన దేశమున పెక్కుమందికి ఆశగా మారెను. శత్రువునకు శత్రువు మిత్రుడను నీతి అర్థశాస్త్రమంత ప్రాచీనమైనది. కాని ఆ నీతి ఎంతదూరము ధర్మమో, ఎచట నుండి ప్రమాదమో విచారింపవలసిన యవసరము తరువాత వచ్చెను.

యుద్ధాంతమున 1919లో వెర్సేల్సు సంధి జర్మనీకి జలాంతర్గాములను నిషేధించెను. నౌకలను నిషేధింపవచ్చును గాని విద్యను నిషేధించుట సాధ్యమా? జర్మను నిర్మాతలు 1922లో హాలెండు దేశమున ఒక కార్యాలయమును నెలకొల్పి, పరదేశముల కొరకు నౌకల పటములు గీయుచు తమ నైపుణ్యమును కాపాడుకొనిరి. పదమూడేండ్లు ఆ విద్య అంతర్వాహినిగ ప్రవహించి 1935లో మరల పైకి ఉబికెను. అది హిట్లరు చేతిలో పడుట లోకమునకు మహానర్థమయ్యెను. విద్య నిలుచుట వేరు, అది ఏ చేతిలో నిలుచుట వేరు.

యు-180 నిర్మాణము

యు-180 నౌకను బ్రెమెన్ నగరమున వేసర్ నౌకానిర్మాణశాలవారు కట్టిరి. 1941 ఫిబ్రవరిలో పని ప్రారంభమై, డిసెంబరులో నౌక నీటదిగి, 1942 మే 16న దళమున చేరెను. పొడవు సుమారు 88 మీటర్లు. నీటిపై బరువు 1,610 టన్నులు. యు-1తో పోల్చినచో పొడవు రెండింతలు, బరువు దాదాపు ఏడింతలు. ఆఫ్రికా ఖండమును చుట్టి హిందూమహాసముద్రము వరకు పోగల దూరప్రయాణపు తరగతి యది.

ఆ తరగతిలో రెండే రెండు నౌకలు, యు-180, యు-195, ఒక ప్రయోగమునకై కట్టబడినవి. నీటిపై మిక్కిలి వేగముగ పోవలెనని, తీరమున తిరుగు చిన్న వేగపడవలకై చేసిన మెర్సిడెస్ ఇంజనులను, ఒక్కొక్కదానికి ఇరువది సిలిండర్లు గలవానిని, ఆరింటిని ఇందు బిగించిరి. వేగము గంటకు ఇరువది నాటికల్ మైళ్లకు పైబడెను. కాని కొద్ది గంటల పరుగునకై పుట్టిన గుఱ్ఱమును మాసములతరబడి బండికి కట్టినట్లయ్యెను. ఇంజనులు వేడెక్కినవి, చెడినవి, పొగ విడిచినవి. 1906లో యు-1ను వేధించిన పొగయే ముప్పదియారేండ్ల తరువాత ఆ వంశపు నౌకను మరల పట్టుకొనుట చిత్రము కాదా? ఒకమారు నేర్చిన పాఠమును తొందరలో విస్మరించువారికి యంత్రము క్షమాభిక్ష పెట్టదు.

ఇట్టి లోపముల నౌకకే జర్మను ప్రభుత్వము మన నాయకుని అప్పగించెను.

హైదరాబాదు నుండి కీల్ వరకు

ఆబిద్ హసన్ 1911లో హైదరాబాదున జన్మించెను. అది నిజాము ఏలుబడి. బ్రిటిషు ప్రభుత్వమునకు విశ్వాసపాత్రుడగు మిత్రుడను బిరుదు ధరించి, వారి విమానదళములకు ధనమిచ్చిన రాజ్యమది. ఆ రాజధానిలోనే హసనుగారి తల్లి ఫక్రుల్ హాజియా జాతీయోద్యమమును అభిమానించి విదేశవస్త్రములను విసర్జించిన విదుషి. కుమారుడు కొంతకాలము సబర్మతి ఆశ్రమమున గడపి, పిమ్మట ఇంజనీరింగు చదువుటకై జర్మనీ పోయెను. ఆశ్రమపు రాట్నమునుండి జర్మను యంత్రశాలకు పోయిన యువకుని మనస్సులో స్వరాజ్యకాంక్ష తగ్గలేదు. మార్గము మాత్రము మారెను.

1941 జనవరిలో సుభాషబాబు కలకత్తాలోని గృహనిర్బంధమునుండి మారువేషమున వెడలి, పెషావరు, కాబూలు, మాస్కోల మీదుగ ఏప్రిలు మొదట బెర్లినునకు చేరెను. అచ్చటి భారతీయ విద్యార్థులను చేరదీసినపుడు హసన్ చదువు విడిచి ఆయన కార్యదర్శియయ్యెను. ఉత్తరాఫ్రికాలో బందీలైన భారతీయ సైనికులతో ఒక దళము ఏర్పడెను. అందు హిందువులు, మహమ్మదీయులు, సిక్కులు ఒక్కొక్కరు ఒక్కొక్క రీతిని అభివాదము చేసికొనుచుండగా, అందరికి నొకటే పలుకుగ "జైహింద్" అను మాటను కూర్చినది హసనే యని ప్రసిద్ధి. నేడు ఎఱ్ఱకోటపై ప్రధానమంత్రి మొదలు సరిహద్దున జవాను వరకు పలుకు ఆ రెండక్షరముల మాటకు మూలము హైదరాబాదు వాని నాలుకయని ఎందరికి తెలియును?

బెర్లినులో సుభాషబాబు ఆశలు ఫలింపలేదు. 1942 మే నెలలో హిట్లరును కలసికొనినను భారతస్వాతంత్ర్యమును గుర్తించు ప్రకటన లభింపలేదు. యుద్ధము తూర్పునకు వ్యాపించెను. సింగపూరు జపానువారి వశమయ్యెను. అచ్చటి వేలకొలది భారతీయ సైనికుల వద్దకు చేరుటయే కర్తవ్యమని ఆయన నిశ్చయించెను. ఆకాశమార్గము ప్రమాదకరము, భూమార్గము లేదు. మిగిలినది సముద్రగర్భమే. 1943 ఫిబ్రవరి 9న కీల్ రేవునుండి యు-180 బయలుదేరెను. నాయకుడు వెర్నర్ ముసెన్‌బర్గ్. వెంట ఒక్కనిని మాత్రమే తీసికొనిపోవ వీలయ్యెను. ఎవరిని తీసికొనిపోవుదురో ముందుగ ఎవరికిని తెలియదు. ఆ యొక్కడు ఆబిద్ హసన్.

పదకొండు వారములు

ఆ నౌకలోపలి జీవితమును ఊహింపగోరు తెలుగువారు విశాఖపట్టణపు రామకృష్ణా బీచినకు పోవుదురు గాక. అచ్చట ప్రదర్శనశాలగ నిలిపిన కుర్సురా జలాంతర్గామి పొడవు 91 మీటర్లు, అనగా యు-180 కన్న కొంచెమే అధికము. ఒక చివరనుండి మరియొక చివరకు వంగి, గుండ్రని ద్వారములలో తలదూర్చి నడచినపుడు, ఇనుపగొట్టముల నడుమ మనుష్యునికి మిగులు చోటెంతయో తెలియును. వెలుగు బల్బులది, గాలి నిలువయుంచినది. స్నానమునకు నీరు లేదు. పడక ఒకరు లేచిన పిదప మరియొకరిది.

యు-180లో డీజెలు కంపు సర్వత్ర వ్యాపించియుండెననియు, రొట్టె, దుప్పటి, అన్నియు నూనె వాసన కొట్టెడివనియు హసన్ తరువాత చెప్పెను. నౌకలో ఎచటనో కొంత బియ్యము, పప్పు కనుగొని, ఆయన తన నాయకునికై కిచిడీ వండెనట. సుభాషబాబు దానిని తామిద్దరే తినక జర్మను అధికారులను పంక్తికి పిలిచెనట. సరకు తరిగిపోవునని హసను దిగులు. సముద్రగర్భమునను అతిథిధర్మము విడువని నాయకునికిని, రేపటి గింజను లెక్కించు సేవకునికిని గల ఈ చిన్న వివాదము పెద్ద ఉపన్యాసముల కన్న వారి స్వభావములను చక్కగ తెల్పును.

ఆ ఇరుకుచోటున పని ఆగలేదు. సుభాషబాబు తన గ్రంథమును సవరించెను. జపాను నాయకులతో మాటలాడవలసిన విషయములను ముందుగ చర్చించి చూచుకొనెను. స్త్రీల సైనికదళము నొకదానిని స్థాపించు యోచనను గూర్చి మాటలాడెను. ఆ యోచనయే కొన్ని నెలలకు సింగపూరున ఝాన్సీరాణి దళముగ రూపొందెను. హసన్ వ్రాసికొనుచుండెను. ఒకమారు నౌక మహాపాయమున చిక్కి అందరును ప్రాణములపై ఆశ వదలుకొనిన క్షణమున, హసను కలము ఆగగా, తాను చెప్పినదానిని వ్రాసికొనలేదేమని నాయకుడు శాంతముగ మందలించెనట.

ఇంతవరకు వినుటకు సొంపుగనున్నది. కాని సత్యమున సగమును మాత్రమే చెప్పుట పత్రికాధర్మము కాదు. ఆ నౌక విహారమునకు పోలేదు. 1943 ఏప్రిల్ 18న దక్షిణాఫ్రికా తీరమునకు దూరముగ కార్బిస్ అను 8,132 టన్నుల బ్రిటిషు తైలనౌకను అది టార్పెడోలతో కూల్చెను. సముద్రము మండెను. ఆ యోడలోని వారిలో అధికసంఖ్యాకులు మరణించిరి. బ్రిటిషు వాణిజ్యనౌకల బొగ్గుగదులలోను ఇంజనుగదులలోను ఆ యుద్ధకాలమున పనిచేసినది మన దేశపు లస్కరులే. వారిలో వేలకొలది మంది సముద్రము పాలైరి. వారు కూలికై పోయిన పేదలు. సామ్రాజ్యమునకు భక్తులు కారు. స్వరాజ్యమునకై పోవు భారతీయులు ఎక్కిన నౌకయు, పొట్టకూటికై పోవు భారతీయులు ఎక్కిన ఓడయు ఒకే సముద్రమున ఒకదాని కొకటి శత్రువులగుట పారతంత్ర్యపు ఘోరములలోనెల్ల ఘోరము. పరాధీనమగు జాతికి యుద్ధమున తన పక్షమనునది ఉండదు. ఇరుపక్షములందును దాని బిడ్డలే చత్తురు.

జర్మను ప్రభుత్వము ఎట్టిదో కూడ మరువరాదు. ఆ నౌక మోసిన పతాకము క్రింద లక్షలకొలది యూదులు చంపబడుచుండిరి. ఫాసిస్టు రాజ్యముల సహాయమును నెహ్రూ మొదలగు నాయకులు బహిరంగముగనే నిరసించిరి. సుభాషబాబు చేరబోవుచున్న జపాను విషయమో! 1942 ఏప్రిల్ 6న ఆ జపాను విమానములే విశాఖపట్టణముపైనను కాకినాడపైనను బాంబులు వేసినవి. ఐరోపాలో ఆయన విడిచిపోయిన దళమున సుమారు 3,000 మంది భారతీయ సైనికులు నాయకుడు లేక మిగిలిరి. సుభాషబాబు దేశభక్తిని శంకించుట మహాపాపము. ఆయన మార్గమునకు మూల్యము లేకుండెననుట అసత్యము. ఈ రెండు మాటలను కలిపి పలుకగలిగిననాడే మనము ఆయనను గౌరవించినవార మగుదుము.

నడిసముద్రమున మార్పు

ఏప్రిలు నెల చివరి దినములలో మడగాస్కరునకు ఆగ్నేయమున యు-180 జపానువారి ఐ-29 జలాంతర్గామిని కలిసికొనెను. సముద్రము అల్లకల్లోలముగ నుండెను. రెండు నౌకలు ప్రక్కప్రక్కకు చేరుట అసాధ్యమయ్యెను. చివరకు రబ్బరు తెప్పయొకటి త్రాటితో కట్టి, అలలచే తడిసి ముద్దలై, సుభాషబాబును హసనును జపాను నౌకకు చేరిరి. ఆ మహాయుద్ధమున రెండు వేర్వేరు దేశముల జలాంతర్గాముల నడుమ సైనికేతరులు ఇట్లు మారుట మరియొకటి లేదందురు.

ఆ తెప్ప అటునుండి ఇటు రిత్తగ రాలేదు. జపాను నౌకనుండి రెండు టన్నుల బంగారము జర్మను నౌకలోనికి వచ్చెను. జపాను నావికాధికారులు ఇద్దరు వచ్చిరి. వారిలో తొమొనాగ జలాంతర్గామి నిర్మాణమున నిపుణుడు. జర్మనుల విద్యను నేర్చుటకై పోవుచుండెను. గమనింపుడు: ఒక దేశము బంగారమును పంపినది, విద్యార్థులను పంపినది. మరియొక దేశము యంత్రములను చూపినది. మన దేశము పంపినది ఇద్దరు నిరాయుధులను. వారి వెంట బంగారము లేదు, యంత్రము లేదు, పాసుపోర్టునకు రాజ్యము లేదు. వారి సొత్తు ఒక సంకల్పము, కొన్ని కాగితములు. చరిత్ర ఆ తెప్పపై ఏ సరకును జ్ఞాపకముంచుకొన్నది?

మే ప్రథమవారమున ఐ-29 సుమత్రాలోని సబాంగు చేరెను. అనంతరకథ ప్రసిద్ధము: జూలైలో సింగపూరు, అక్టోబరు 21న తాత్కాలిక స్వతంత్ర ప్రభుత్వము, 1944లో ఇంఫాలు. ఆ ప్రభుత్వమునకై జనగణమన భావముతో హిందూస్తానీలో గీతమును కూర్చినవారు ముంతాజ్ హుస్సేనును మన హసనును. ఇంఫాలు దారిలో ఆకలితో వ్యాధితో పడిపోయిన సైనికులతో హసను నడచెను. వారిని గూర్చి తరువాత వ్రాసెను.

నౌకలకు మాత్రము దీర్ఘాయువు లేకపోయెను. యు-180 1943 జూన్ 3న బోరిస్ అను గ్రీకు ఓడను ముంచి, జూలైలో బోర్డో రేవు చేరెను. దాని ఆరు ఇంజనులను పెరికివైచి, సామాన్యమగు డీజెలు ఇంజనులు రెండింటిని పెట్టి, టార్పెడో గొట్టములను కూడ తీసి, సరకులు మోయు నౌకగ మార్చిరి. 1944 ఆగస్టులో జపానునకు బయలుదేరిన కొద్ది దినములకే బిస్కే అఖాతమున అది 56 మందితో మునిగెను. ఒక్కడును బ్రతుకలేదు. ఐ-29ను అంతకు నెల ముందే, 1944 జూలై 26న, అమెరికా జలాంతర్గామి ముంచెను. పట్టుమని రెండు సంవత్సరములు సేవచేసి, రెండు ఓడలను మాత్రమే కూల్చిన యు-180ను జర్మను నావికాచరిత్ర ఒక విఫలప్రయోగముగ ఎంచును. కట్టినవారు దేనికై కట్టిరో అందులో అది ఓడిపోయెను; వారికి పట్టని యొక దేశపు చరిత్రలో స్థానము సంపాదించెను.

మరల కీల్, మరల విశాఖ

స్వాతంత్ర్యము వచ్చిన తరువాత కథ మరియొక మలుపు తిరిగెను. 1967 డిసెంబరు 8న మన నౌకాదళపు మొదటి జలాంతర్గామి కల్వరి సోవియటు దేశమున మన పతాకము నెత్తెను. 1969లో చేరిన కుర్సురా 2001 వరకు సేవచేసి, 2002 ఆగస్టు నుండి విశాఖ తీరమున బాలబాలికలకు పాఠశాలయైనది. మ్యూనిక్‌లో యు-1 చేయు పనియే విశాఖలో ఇది చేయుచున్నది. జలాంతర్గామి నావికులకు చదువు చెప్పు విద్యాలయము కూడ విశాఖలోనే కలదు. దాని పేరు శాతవాహన. నాణెములపై రెండు తెరచాపల ఓడను ముద్రించుకొనిన రాజుల పేరు అట్టి బడికి తగియున్నది.

కీల్ నగరమును మరల చూతము. 1981లో మన ప్రభుత్వము ఆ నగరపు నౌకానిర్మాతలతో నాలుగు జలాంతర్గాములకు ఒడంబడిక చేసికొనెను. 1986 సెప్టెంబరు 22న శిశుమార్ అచ్చట మన దళమున చేరెను. 1943లో ఇద్దరు దేశములేని భారతీయులు రహస్యముగ ఎక్కిన ఆ రేవుననే, నలువది మూడేండ్ల పిమ్మట భారత నావికులు తమ ధనముతో కొన్న నౌకపై తమ జెండాను బహిరంగముగ ఎగురవేసిరి. "జైహింద్" అను పలుకు నాడు అచ్చట ఇద్దరిది, నేడొక రాజ్యమునది. ఇది కదా స్వరాజ్యమను మాటకు అర్థము!

ఒడంబడికలో కడపటి రెండు నౌకలను బొంబాయి మజగావ్ డాకునందు మనవారే కట్టిరి. అవి 1992, 1994 సంవత్సరములలో చేరినవి. అంతట ఆ పని ఆగిపోయెను. నేర్చిన చేతులకు పని లేకపోయెను. వెల్డింగు పట్టిన నిపుణులు చెదరిరి. పదేండ్లకు పైబడి మరల మరియొక దేశమువద్ద, ఈమారు ఫ్రాన్సువద్ద, మొదటినుండి నేర్వవలసి వచ్చెను. నిషేధము క్రిందనే పదమూడేండ్లు తమ విద్యను కాపాడుకొనినది ఒక జాతి. నిషేధించువాడు లేకున్నను చేతికందిన విద్యను జారవిడిచినది మరియొకటి. ఈ పోలిక మనకు రుచింపదు. రుచింపని పథ్యమే రోగికి హితము.

విశాఖలో మాత్రము వేరొక ధార సాగుచుండెను. 2009 జూలై 26న అరిహంత్ అను అణుశక్తి జలాంతర్గామి అచ్చటి నిర్మాణశాలనుండి నీట దిగెను. 2024 ఆగస్టు 29న అదే నగరమున అరిఘాత్ దళమున చేరెను. వీనిని కట్టిన కార్మికుల పేర్లు పత్రికలకెక్కవు. ఎక్కరాదు కూడ. వారును అంతర్వాహినులే.

ఆబిద్ హసన్ యుద్ధానంతరము బందీయై, విడుదలయై, స్వతంత్రభారతపు విదేశాంగశాఖలో చేరి, పెక్కు దేశములలో సేవచేసి, డెన్మార్కున రాయబారిగ నుండి 1969లో విరమించెను. కుంకుమపువ్వు రంగును తెలుపు సఫ్రానీ యను మాటను తన పేరునకు చేర్చుకొని, హైదరాబాదున నిరాడంబరముగ జీవించి 1984లో కన్నుమూసెను. కాషాయము ఒక మతముదని, ఆకుపచ్చ మరియొక మతముదని పంచుకొనువారికి ఆయన పేరే సమాధానము.

పరుల నౌక ఎక్కుట అవసరమైన కాలమొకటి యుండెను. ఆ యవసరమును తెచ్చినది పారతంత్ర్యము. దాని మూల్యమును చెల్లించినది మనవారు. నేడు మనకు నౌకలు కలవు, రేవులు కలవు, విద్య కలదు. వానిని నిలుపుకొనుటయు, తెప్పపై అలల నడుమ తడిసిన ఆ రెండవ మనిషిని జ్ఞాపకముంచుకొనుటయు మన బాధ్యత. కాళేశ్వరమున కానరాని నదికి మ్రొక్కుటకు మనకు ఎవరును చెప్పనక్కరలేదు. కానరాని సేవకునికి మ్రొక్కుట మాత్రము నేర్వవలసియున్నది.